వకీలు సాబ్ ఎమ్మెల్యే అయితే: అపోహలు - వాస్తవాలు

ఎన్నికలు దగ్గరపడితే హనుమకొండ అదాలత్ చుట్టుపక్కల కాబోయే ఎమ్మెల్యేలకు కొదవుండదు. వాళ్లకు ముట్టే సలహాల్లో మాత్రం సగం తప్పులే.

అపోహ: వకీలు వేసిన నామినేషన్ పోనే పోదు.

వాస్తవం: ఊరందరి కాగితాలు కళ్లల్లో ఒత్తులేసుకుని చూసే మనిషి, తనవి గుమాస్తాకు వదిలేస్తే ఎందుకు పోదు? ఓటు వరంగల్ పశ్చిమలో ఉండి పరకాలలో నిలబడితే, ఓటరు జాబితాలో తన పేరున్న భాగానికి సర్టిఫైడ్ కాపీ నామినేషన్‌తో ఇవ్వాలి, లేదా పరిశీలనలో చూపాలి. ప్రతిపాదించేవాళ్లు మాత్రం పరకాల ఓటర్లే కావాలి. గుర్తింపు పొందిన పార్టీ అభ్యర్థికి ఒకరు చాలు, స్వతంత్రులకు పదిమంది. డిపాజిట్ 10 వేలు, ఎస్సీ, ఎస్టీలకు 5 వేలు. అభ్యర్థి ప్రమాణం నామినేషన్ వేశాక, పరిశీలన తేదీకి ముందే అయిపోవాలి.

అసలు తంటా ఫారం 26 అఫిడవిట్‌తో, అంటే తన కేసులు, ఆస్తులు, అప్పులు, చదువు ప్రమాణం మీద రాసిచ్చే కాగితంతో. ఒక్క గడి కూడా ఖాళీగా వదలొద్దు, 'లేదు' అనో 'వర్తించదు' అనో రాయాలి. రిటర్నింగ్ అధికారి గుర్తుచేశాక కూడా పూరించకపోతే నామినేషన్ తిరస్కరించవచ్చని 2013లో సుప్రీంకోర్టు తేల్చింది. తెలంగాణ ఉద్యమంలో రైలు పట్టాల మీద కూర్చున్నప్పటి కేసు ఇంకా నడుస్తుంటే అదీ రాయాల్సిందే.

అపోహ: గెలిస్తే ప్రాక్టీసు బంద్.

వాస్తవం: కాదు. ఎమ్మెల్యే జీతం తీసుకున్నంత మాత్రాన పూర్తికాలపు ఉద్యోగి కాడని, ప్రాక్టీసుకు అడ్డు లేదని సుప్రీంకోర్టు 2018లో చెప్పింది. చిక్కంతా వాయిదాల దగ్గరే. అసెంబ్లీ నడిచే రోజునే సాక్షి క్రాస్ ఎగ్జామినేషన్ (ఎదుటి పక్షం సాక్షిని ప్రశ్నించడం) పడుతుంది. ఫైలు జూనియర్ చేతిలో పెడితే పనైపోయిందనుకుంటారు. కానీ సివిల్ దావాలో వకాల్తా (కక్షిదారు తరఫున వాదించే బాధ్యత) నుంచి తప్పుకోవాలంటే రాతపూర్వకంగా దాఖలు చేసి కోర్టు అనుమతి తీసుకోవాలి. కక్షిదారుకు ముందే నోటీసివ్వాలి, చేయని పనికి తీసుకున్న ఫీజు తిరిగివ్వాలి. అందుకే టికెట్ మీద ఆశ ఉన్నవాళ్లు కొత్త వకాల్తాల్లో జూనియర్ పేరు కూడా మొదటే రాయించుకోవడం మంచిది.

అపోహ: కోర్టులో దడదడలాడించినవాడు సభలోనూ అంతే.

వాస్తవం: కోర్టులో వాదన వినడం జడ్జి పని. సభలో మీ నిమిషాలు పార్టీ బలాన్ని బట్టి వస్తాయి, మైకు స్పీకర్ చేతిలో ఉంటుంది. పైగా హైకోర్టు, సుప్రీంకోర్టు జడ్జీల విధి నిర్వహణ మీద సభలో చర్చించకూడదు (రాజ్యాంగం 211వ అధికరణ).

అపోహ: ఎమ్మెల్యేను అరెస్టు చేయలేరు.

వాస్తవం: సమావేశాలకు 40 రోజుల ముందు, 40 రోజుల తర్వాత రక్షణ ఉన్నది సివిల్ కేసుల్లో జరిగే అరెస్టు నుంచే. క్రిమినల్ కేసుకు వర్తించదు.

అపోహ: వకీళ్ల నల్లగౌను, మెడకు కట్టే తెల్ల బ్యాండ్‌తో ప్రచారం చేస్తే పేరొస్తుంది.

వాస్తవం: కోర్టు బయట బహిరంగంగా అవి వేసుకోవడాన్ని బార్ కౌన్సిల్ నియమాలు ఒప్పుకోవు. ఆఫీసు బోర్డు మీద 'బార్ అసోసియేషన్ మాజీ అధ్యక్షుడు' అని రాయించుకోవడమూ తప్పే, అయినా వీధికో బోర్డు కనిపిస్తుంది.

అపోహ: ఓడితే లెక్కలెందుకు?

వాస్తవం: ఫలితం వెలువడిన 30 రోజుల్లో ఖర్చుల లెక్క జిల్లా ఎన్నికల అధికారికి ఇవ్వాలి. సరైన కారణం లేకుండా ఎగ్గొడితే మూడేళ్ల దాకా పోటీకి అనర్హులు.