సొంత బ్యానర్ ఉంటే అడిగేవాడు ఉండడా? పాత టర్కీ సినిమా గురించి అపోహలు - వాస్తవాలు

టర్కీ దర్శకుడు మెమ్దూహ్ ఉన్ పేరు ఎత్తగానే ఎవరో ఒకరు ఈ మాట అంటారు: "ఆయనకేమండీ, దర్శకుడూ తనే, నిర్మాతా తనే. అడిగేవాడెవడు?" ఇది నమ్మి, ఇల్లు తాకట్టు పెట్టి సొంత బ్యానర్ మొదలుపెట్టే కుర్రాళ్ళున్నారు. వాళ్ళ భయం, ఆశ రెండూ అర్థమవుతాయి. అందుకే ముందు దీని సంగతి తేల్చాలి.

అపోహ: నిర్మాత తనే అయితే సినిమా తన ఇష్టం.

వాస్తవం: ఉన్ (1920-2015) బెషిక్‌తాష్ జట్టుకు ఫుట్‌బాల్ ఆడారు. నటుడిగా సినిమాల్లోకి వచ్చారు. 1950ల్లో దర్శకుడయ్యారు, ఊర్ ఫిల్మ్ అనే సొంత సంస్థ నడిపారు. ఆయన్ను అడిగేవాళ్ళు ఒకరు కాదు, ఆరు చోట్ల ఉన్నారు. ఇస్తాంబుల్, ఇజ్మీర్, అంకారా, అదానా, సామ్‌సున్, జొంగుల్దాక్ అని టర్కీ సినిమా మార్కెట్ ఆరు ఏరియాలుగా నడిచేది. మన తెలుగు సినిమాల పంపిణీ ఏరియాలైన నైజాం, సీడెడ్ అంటే తెలిసినవాళ్ళకు ఇంతకంటే విడమరచి చెప్పక్కర్లేదు. 1960ల్లో ఈ పద్ధతి బాగా బలపడింది. ఏరియా డిస్ట్రిబ్యూటర్ల అడ్వాన్సులతోనే షూటింగ్ మొదలయ్యేది. హీరో ఎవరు, హీరోయిన్ ఎవరు, ఫైట్లున్నాయా, చివర్లో కలుస్తారా చస్తారా అనే షరతులు ఆ అడ్వాన్సు వెంటే వచ్చేవి.

పైగా ఆ అడ్వాన్సు చాలావరకు నగదు కాదు, 'బోనో'. అంటే గడువు పెట్టి రాసిచ్చిన ప్రామిసరీ నోటు. గడువు దాకా ఆగితే షూటింగ్ ఆగిపోతుంది, కాబట్టి వడ్డీ వ్యాపారి దగ్గర తక్కువకు మార్చుకోవాలి. లెక్క కోసం నూరు లీరాల నోటు ఎనభైకి మారిందనుకుందాం. ఆ ఇరవై ఎక్కడ మిగల్చాలి? హీరో పారితోషికం ముట్టుకోలేరు, అడ్వాన్సు వచ్చిందే ఆ పేరు మీద. కోత పడేది నెగటివ్ మీద, అంటే కెమెరాలో వాడే ముడిఫిల్ము మీద, షూటింగ్ రోజుల మీద.

నెగటివ్ లెక్క కూడా చూడండి. 35 ఎంఎం ఫిల్ము సెకనుకు 24 ఫ్రేముల వేగంతో నిమిషానికి 90 అడుగులు పోతుంది. గంటన్నర సినిమాకు 8,100 అడుగులు. ఒక్క అడుగు వృథా కాకపోయినా 400 అడుగుల డబ్బాలు 21 కావాలి. షాటుకు మూడు టేకులు తీస్తే అరవై దాటుతాయి. ముడిఫిల్ము విదేశాల నుంచి రావాల్సిందే. అందుకని కెమెరా తిరగకముందే రిహార్సల్ అయిపోవాలి, వీలైతే మొదటి టేకే ఓకే కావాలి. సెట్లో శబ్దం రికార్డు చేసేవారు కాదు. 'సుఫ్లోర్' అనే మనిషి కెమెరా పక్కన నిలబడి డైలాగు పైకి చదివితే, నటులు విని అదే పలికేవారు. తర్వాత స్టూడియోలో డబ్బింగ్, చాలాసార్లు వేరేవాళ్ళ గొంతుతో. ఆ గొంతు కాస్త ముందో వెనకో పడితే పెదవికీ మాటకూ పొంతన ఉండదు. దాన్ని చేతకానితనం అనడం అన్యాయం.

ఉన్ 1958లో 'ఉచ్ అర్కదాష్' (ముగ్గురు మిత్రులు) తీశారు. చేతిలో పైసా లేని ముగ్గురు, చూపు లేని ఒక అమ్మాయి కోసం పడే తంటాల కథ. 1960లో తీసిన 'కిరిక్ చనక్లార్' (పగిలిన గిన్నెలు) మరుసటేడు బెర్లిన్ చిత్రోత్సవం పోటీకి వెళ్ళింది. రెండూ ఈ ఇరుకులోంచే వచ్చాయి.

అపోహ: సినిమా దర్శకుడిది కాబట్టి హక్కులూ దర్శకుడివే.

వాస్తవం: నిర్మాత కావడం వల్ల నిజంగా దక్కేది ఇక్కడుంది. టర్కీలో 1951 నాటి 5846 నంబరు చట్టం సినిమాకు కర్తగా గుర్తించింది నిర్మాతనే. దర్శకుడు, సంగీత దర్శకుడు, రచయిత హక్కుదారుల్లో చేరింది 1995 జూన్ సవరణతో, అదీ ఆ తర్వాతి సినిమాలకే. దర్శకుడు మెతిన్ ఎర్క్‌సాన్ తీసిన 'సుసుజ్ యాజ్' (నీళ్ళు లేని వేసవి) 1964లో బెర్లిన్‌లో అక్కడి అత్యున్నత బహుమతి గోల్డెన్ బేర్ గెలిచింది. ఆ సినిమా నిర్మాత, అందులో నటించిన ఉల్వి దోవాన్. అదనపు సన్నివేశాలు కలిపిన కూర్పు ఒకటి అమెరికాలో ఆడింది. అసలు సినిమాను ఇటలీలోని బొలోన్యా ల్యాబులో బాగుచేసింది 2008లో. ల్యాబ్ లెటర్ (అప్పు తీరందే ప్రింట్లు వదలబోమని ల్యాబు రాసిచ్చే ఉత్తరం) అనే మాట తెలిసినవాళ్ళు ఒక్కసారి ఆలోచించండి: నెగటివ్ ఎవరి చేతిలో ఉందో సినిమా వాళ్ళ మాటే వింటుంది.

ఇలాంటి పాత సినిమా ప్రదర్శనకు అనుమతి కావాల్సినవాళ్ళు కంగారుపడి దర్శకుడి కుటుంబాన్ని వెతుకుతూ నెలలు పోగొట్టుకుంటారు. ముందు టైటిల్స్‌లో సంస్థ పేరు రాసుకోండి. ఆ సంస్థ ఇంకా ఉందా, మూతపడి ఉంటే తన సినిమాల కేటలాగు ఎవరికి అమ్మింది, ఆ అమ్మకంలో థియేటర్ ప్రదర్శన ఉందా, వీడియో మాత్రమేనా అనేవి ఈ వరసలోనే తేల్చుకోండి.

మిగతావి త్వరగా.

సెన్సారు పూర్తయిన సినిమానే చూసేదనుకోవడం తప్పు. 1939 నిబంధనల ప్రకారం ముందు స్క్రిప్టు, తర్వాత సినిమా, రెండూ చూసేవారు. ఆ పద్ధతి 1986 దాకా నడిచింది.

ఆ పరిశ్రమ ఉన్నట్టుండి పుట్టుకొచ్చిందనుకోవడమూ తప్పే. 1948లో స్థానిక సినిమాల మీద వినోదపు పన్ను 25 శాతానికి తగ్గించి, విదేశీ సినిమాలకు 70 శాతం ఉంచారు. నిర్మాతలు అప్పట్నుంచే ఎక్కువయ్యారు. 1972 నాటికి ఏడాదికి దాదాపు 300 సినిమాలు.

'అంతా హిందీ కాపీ' అనే పుకారుకు మూలం 'ఆవారా'. 1955లో అక్కడ విడుదలై ఊపేసింది, 1964లో దాన్ని టర్కిష్‌లో తీశారు కూడా. దాన్ని పట్టుకుని వందల సినిమాలను కొట్టిపారేయకండి.

'ఉచ్ అర్కదాష్' వెతికేవాళ్ళకు ఒక మాట. ఉన్ 1971లో అదే కథను రంగుల్లో మళ్ళీ తీశారు. తెరమీద హుల్యా కోచ్‌యిత్ కనిపిస్తే మీరు చూస్తున్నది రెండోది. నలుపు తెలుపులో ముహ్తెరెమ్ నూర్ ఉంటే 1958 నాటిది.