గెట్టు పంచాయతీ ఠాణా దాకా వచ్చిన దారి

నల్లగొండ, పాలమూరు ఊళ్లల్లో గెట్టు (చేను హద్దు గట్టు) పక్కకు జరిగిందంటే జనానికి కోర్టుకన్నా ముందు ఠాణా గుర్తుకొస్తుంది. ఈ అలవాటు పాతదే. నిజాం కాలంలో ఊరికి మాలీ పటేల్, పోలీస్ పటేల్, పట్వారీ ఉండేవారు. శిస్తు ఒకరిది, కొట్లాటలు ఒకరివి, లెక్కలు ఒకరివి. భూమి తగాదా తేలేది వీళ్ల దగ్గరే. 1984లో ఎన్టీఆర్ ప్రభుత్వం ఆ వ్యవస్థను రద్దు చేసింది. పంచాయతీ మెల్లగా ఎస్సై టేబుల్ ముందుకు చేరింది.

అసలు పీటముడి వేరే ఉంది: పట్టా ఒకరి పేర, మోకా మీద (అంటే చేనులో సాగు చేస్తూ) ఇంకొకరు. రిజిస్ట్రేషన్ ఖర్చుకు వెనకాడి తెల్లకాగితం మీద సాదా బైనామా (రిజిస్టర్ కాని అమ్మకం ఒప్పందం) రాసుకున్నవాళ్లు తరాలుగా దున్నుకుంటున్నా పట్టా అమ్మినవాడి పేరనే ఉండిపోయింది. పహాణీలో (ఊరి భూముల రికార్డులో) అనుభవదారు కాలమ్ ఉన్నన్నాళ్లు వాళ్లకు అదే ఆసరా. 2020 అక్టోబరు 29న వచ్చి 2025 దాకా నడిచిన ధరణి అనే ఆన్‌లైన్ భూ రికార్డులో ఆ కాలమ్ లేకుండా పోయింది. అదే ఏడాది కొత్త ఆర్వోఆర్ (భూమి హక్కుల రికార్డు) చట్టం తహసీల్దారు, ఆర్డీవోల రెవెన్యూ కోర్టులనూ ఎత్తేసింది. అక్టోబరు 12 నుంచి నవంబరు 10 దాకా తీసుకున్న, సాదా బైనామాలకు పట్టా ఇవ్వమన్న దరఖాస్తులేమో ఏళ్లపాటు హైకోర్టులో చిక్కుకున్నాయి. మరోపక్క హైదరాబాద్ ప్లాట్ల వ్యాపారం అటు చౌటుప్పల్, ఇటు షాద్‌నగర్ దాటిపోయింది. అమ్మినవాడి వారసులు కొత్త పాస్‌బుక్ పట్టుకొని కడీలు (హద్దు రాళ్లు) పాతడానికి దిగారు. సివిల్ దావాకు ఏళ్లు పడుతుంది, ఠాణాలో రాజీ ఒక్క పూట పని.

నిజానికి చట్టం ఠాణాకు ఇచ్చిన జాగా ఇరుకే. చేనులోకి జొరబడితే, బెదిరిస్తే నేరం. భారతీయ న్యాయ సంహిత 329, 351 సెక్షన్ల కింద కేసు పెట్టొచ్చు. కొట్లాట అయ్యేలా ఉంటే నాగరిక్ సురక్షా సంహిత 126 కింద ఎగ్జిక్యూటివ్ మెజిస్ట్రేటు ముందు బైండోవర్ (గొడవ చేయనని పూచీకత్తు) చేయించొచ్చు. అదే సంహిత 164 (పాత సీఆర్పీసీ 145) కింద కబ్జా, అంటే భూమి ఎవరి స్వాధీనంలో ఉందో తేల్చేది కూడా ఆ మెజిస్ట్రేటే, ఎస్సై కాదు. అక్కడ పట్టా సంగతి చూడరు. రిపోర్టు అందడానికి ముందు 2 నెలల లోపు బలవంతంగా వెళ్లగొట్టి ఉంటే, వెళ్లగొట్టబడినవాడినే కబ్జాదారుగా లెక్కేయొచ్చు. అదే భూమి మీద సివిల్ దావా నడుస్తుంటే ఈ సమాంతర విచారణ తగదని రామ్ సుమేర్ పురి మహంత్ కేసులో 1985లోనే సుప్రీంకోర్టు చెప్పింది.

దెబ్బతినేది ఎక్కడంటే, రసీదు లేని 'పిటిషన్ ఎంక్వైరీ'లో. నాలుగుసార్లు పిలుస్తారు, పాస్‌బుక్ అక్కడే పెట్టమంటారు, చివరికి తెల్లకాగితం మీద సంతకం. ఆ సంతకంతో హక్కు మారదు. కానీ 'అప్పుడే ఒప్పుకున్నాడు' అని ఎదుటి వకీలు రేపు కోర్టులో చూపిస్తాడు.

ఇంజంక్షన్ (కోర్టు నిషేధ ఉత్తర్వు) కాపీ ఎస్సై చేతిలో పెడితే చాలనుకోవడం ఇంకో పొరపాటు. ఉత్తర్వు అమలుకు పోలీసు సాయం కావాలంటే అదే దావాలో సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) 151 కింద వేరే పిటిషన్ వేసి, కోర్టుతో ఆదేశం ఇప్పించుకోవాలి.

బలవంతంగా వెళ్లగొట్టబడ్డవాడికి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ దగ్గరి దారి. పట్టా ఎవరిదన్న ప్రశ్న లేకుండానే కబ్జా తిరిగి ఇప్పిస్తుంది. గడువు మాత్రం 6 నెలలే. చాలామందికి అవి ఠాణా బయట బెంచీ మీదనే గడిచిపోతాయి.