పొలం దారికి కంచె పడ్డాక: 2024 తీర్పు ఒక్కటే చదివితే చాలదు

పక్కపక్క భూముల్లో ఒకటి చేతులు మారితే చాలు, ఏళ్లుగా నడిచిన బాటకు అడ్డంగా గేటు లేస్తోంది. ఇదేమిటని అడిగితే కొత్త యజమాని దగ్గర ఇప్పుడు జవాబు సిద్ధంగా ఉంటోంది: వేరే దారి ఉన్నవాడికి హక్కు లేదని సుప్రీంకోర్టే చెప్పింది కదా!

నిజమే, 2024 ఏప్రిల్‌లో చెప్పింది. మహారాష్ట్ర నుంచి వెళ్లిన ఆ కేసులో పక్క భూమి మీదుగా 20 అడుగుల దారి కోరినవాళ్లు ఓడిపోయారు. 20 ఏళ్లు హక్కుగా వాడినట్టు రుజువు చేయలేకపోయారు. వేరే దారి ఉండటంతో ఈ దారి తప్పనిసరి అవసరం అన్న వాదనా నిలబడలేదు. కంచె వేసినవాళ్ల వాదన కూడా తీసిపారేసేది కాదు. మొహమాటానికి నడవనిచ్చినంత మాత్రాన అది హక్కు కాదు.

కానీ ఇప్పటి తగాదాలు అర్థం కావాలంటే చదవాల్సింది 2006 నాటి తీర్పు. తమిళనాడు నుంచి వచ్చిన ఆ కేసులో సుప్రీంకోర్టు ఒక గీత గీసింది. అవసరం వల్ల పుట్టిన దారి హక్కు, ఆ అవసరం తీరితే పోతుంది. 1882 నాటి ఈజ్‌మెంట్స్ చట్టం (ఈజ్‌మెంట్ అంటే పక్కవాడి భూమి మీద దారి లాంటి వాడకపు హక్కు) 41వ సెక్షన్ చెప్పేది అదే. దస్తావేజులో రాసి ఇచ్చిన దారి అలా కాదు. అది ఒప్పందం. తరవాత మరో పక్క తారురోడ్డు పడినా చెరిగిపోదు.

మన దగ్గర చాలా బాటలు అన్నదమ్ముల పంపకాల్లో పుట్టినవే. ముందు వాటాకు రోడ్డు ముఖం, వెనక వాటాకు దాని మీదుగా నడక. భాగపరిష్కార దస్తావేజు షెడ్యూల్లో హద్దులు రాశాక చివర 'రాకపోకల హక్కుతో సహా' అన్న ఒక్క ముక్క ఉందా లేదా అన్నదే కీలకం. ఉంటే వెనక వాటాదారుకు 2024 తీర్పు చూసి టెన్షన్ పడాల్సిన పని లేదు. అయితే ఆ కాగితం దారి ఇవ్వాల్సిన భూమి యజమాని గానీ, ఆయనకంటే ముందు దానికి హక్కుదారులైన వాళ్లు గానీ రాసిందై ఉండాలి. మనకు అమ్మినవాడు తన సేల్ డీడ్‌లో పక్కవాడి పొలం మీదుగా దారి ఉందని రాస్తే పక్కవాడు దానికి కట్టుబడడు. లింకు డాక్యుమెంట్లు, అంటే ఆ భూమి పాత దస్తావేజులు, వెనక్కి తిప్పి చూడాల్సింది ఇందుకే.

కాగితం లేనివాళ్లకు అదే చట్టం 15వ సెక్షన్ మిగులుతుంది: 20 ఏళ్లు బహిరంగంగా, గొడవ లేకుండా, అనుమతి అడగకుండా హక్కుగా వాడి ఉండాలి. ప్రభుత్వ భూమి అయితే 30 ఏళ్లు. ఆ వాడకం దావా వేయడానికి ముందు రెండేళ్లలోపు దాకా సాగి ఉండాలని కూడా అందులోనే ఉంది. పెద్దమనుషుల పంచాయితీ అంటూ ఏళ్లు గడిపేసేవాళ్లు నష్టపోయేది ఇక్కడే.

దావాలో అడగాల్సినవి మామూలువే. హక్కు ఉందని డిక్లరేషన్, అడ్డుకోకుండా శాశ్వత ఇంజంక్షన్, పెట్టిన గేటు తీయించే ఆజ్ఞ, కేసు తేలేదాకా తాత్కాలిక ఇంజంక్షన్. తరచూ దెబ్బ తగిలేది ప్లెయింటులో, అంటే దావా అర్జీలో. దారి జాగా నాదేనని రాసి, అది తేలకపోతే వాదన మధ్యలో ఈజ్‌మెంట్ అంటే కుదరదని 2008లో సుప్రీంకోర్టు చెప్పింది. సొంత భూమి మీద ఎవరికీ ఈజ్‌మెంట్ ఉండదు మరి. రాత్రికి రాత్రి జేసీబీ తెచ్చి కంచె పీకేయడం కూడా కుదరదు. అడ్డంకిని స్వయంగా తొలగించుకోవద్దని ఈజ్‌మెంట్స్ చట్టం 36వ సెక్షన్ స్పష్టంగా చెబుతోంది. హక్కు ఉన్నవాడు కూడా అలా చేస్తే ఎదుటివాడి చేతికి కేసు ఇచ్చినట్టే.

కొట్లాట దాకా వచ్చే పరిస్థితి ఉంటే ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ దగ్గరికి వెళ్లొచ్చు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ) 147వ సెక్షన్ స్థానంలో 2024 జూలై 1 నుంచి దాని బదులు వచ్చిన కొత్త చట్టం భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్‌ఎస్‌ఎస్) 166వ సెక్షన్ వచ్చింది. ఏడాది పొడవునా వాడే దారి అయితే విచారణకు కారణమైన సమాచారం అందడానికి ముందు మూడు నెలల్లో వాడి ఉండాలి. దుక్కికో, కోతలకో మాత్రమే బండి వెళ్లే బాట అయితే అంతకుముందు సీజన్‌లో వాడితే చాలు. అక్కడ వచ్చే ఉత్తర్వు సివిల్ కోర్టు తీర్పుకు లోబడే ఉంటుంది.