డ్రోన్ చూపించని కుటుంబం: గంజాం బస్తీల నుంచి డాక్యుమెంటరీ దాకా

ఒడిశా గంజాం జిల్లాలోని గోపాల్‌పూర్ తీరంలో తెలుగు మాట్లాడే జాలరి పేటల్లో తరాలుగా ఇళ్లున్నాయి. చాలామందికి పట్టా మాత్రం లేదు. 2013 అక్టోబరు 12న పైలీన్ తుపాను ఈ ఒడ్డునే తీరం దాటింది. గోడ కూలినవాళ్లు మళ్లీ కట్టుకోవాలంటే ముందు ఎదురయ్యే ప్రశ్న ఒకటే: జాగా ఎవరిది?

2017లో ఒడిశా మురికివాడల వాసుల భూహక్కు చట్టం దీనికి దారి చూపింది. మున్సిపాలిటీలో 45, గోపాల్‌పూర్ లాంటి ఎన్‌ఏసీలో (చిన్న పట్టణాల స్థానిక సంస్థ) 60 చదరపు మీటర్ల వరకు హక్కు ఇస్తారు. పత్రం భార్యాభర్తలిద్దరి పేర్ల మీదా ఉంటుంది. వారసులకు వస్తుంది, గృహరుణానికి తాకట్టు పెట్టవచ్చు, అమ్మడానికి వీల్లేదు. డ్రోన్‌తో పటం తీసి, ఇంటింటి సర్వే చేసి, 2018 మే 7న తొలి పత్రాలను గంజాం, పూరీ జిల్లాల్లోనే పంచారు. మంచి పని. అయితే డ్రోన్ పైకప్పునే చూస్తుంది. దాని కింద ఎన్ని పొయ్యిలున్నాయో, ఎవరు అద్దెకుంటున్నారో, సూరత్ మగ్గాలకు వెళ్లినవాళ్లది ఏ గదో చెప్పదు. సినిమా అక్కరకొచ్చేది ఇక్కడే.

బస్తీవాసుల గోడు చెప్పడానికి కెమెరాను వాడటం పాతదే. 1935లో లండన్‌లో గ్యాస్ పరిశ్రమ డబ్బుతో తీసిన ఒక చిత్రంలో మురికివాడల వాసులు ఎలుకలు, నల్లుల గురించి కెమెరాతో నేరుగా మాట్లాడారు. పరిష్కారం చెప్పే వంతు మాత్రం నిపుణులది. ఆ లోపం ఇవాళ్టి ఎన్నో ప్రచార చిత్రాల్లో అలాగే ఉంది. 1985లో ఆనంద్ పట్వర్ధన్ డాక్యుమెంటరీ ‘హమారా శహర్’ బొంబాయి కూల్చివేతలను బాధితుల వైపు నిలబడి చూపింది. అదే ఏడాది జులైలో, బొంబాయి ఫుట్‌పాత్ వాసుల తొలగింపుపై వేసిన ఓల్గా టెల్లిస్ కేసులో సుప్రీంకోర్టు బతుకుతెరువు జీవించే హక్కులో భాగమే అంది. కానీ ఫుట్‌పాత్ మీద ఉండే హక్కు ఇవ్వలేదు. వానాకాలం గడిచేదాకా, అక్టోబరు 31 వరకు, తొలగింపు ఆపమంది. అప్పటికే, 1984లో, అహ్మదాబాద్‌లో శ్రామిక మహిళల సంఘం ‘సేవా’ సభ్యులు వీడియో నేర్చుకున్నారు. 1990ల చివరికి జహీరాబాద్ దళిత మహిళల చేతికీ కెమెరా వచ్చింది.

జాలి పుట్టించే చిత్రం పట్టా తేదు. నివాసాన్ని రుజువు చేసే చిత్రం తేవడానికి తోడ్పడుతుంది. అందుకే పది నిమిషాలు దాటకుండా ఒకే బస్తీ మీద తీయాలి. మాట్లాడే ప్రతివాళ్లూ ఎప్పటినుంచి ఉంటున్నారో చెప్పాలి. 2017 ఆగస్టు 10 నాటికి అక్కడ ఉంటున్నవాళ్లకే చట్టం వర్తిస్తుంది కాబట్టి అంతకుముందటి కరెంటు బిల్లో రేషన్ కార్డో తెర మీద కనిపించాలి, ఆధార్ నంబరు కనిపించకూడదు. మాట తెలుగులో ఉన్నా అధికారుల కోసం ఒడియా సబ్‌టైటిళ్లు తప్పవు. ఒడ్డు గాలి మైకును పాడుచేస్తుంది, అందుకని మాటలు ఇంట్లో రికార్డు చేసి పరిసరాలను విడిగా తీయడం మేలు. అద్దెకున్నవాళ్ల ముఖం, గుమ్మం అసలు చూపొద్దు. యజమాని కంటపడితే గది పోతుంది. తొలి ప్రదర్శన బస్తీలోనే వేసి, ఎవరైనా వద్దంటే ఆ ముక్క తీసేయాలి.

ఎడిటింగ్ చేయని అసలు ఫైళ్లను తేదీలతో సహా దాచాలి. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ సాక్ష్య అధినియం 63వ సెక్షన్ ప్రకారం ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి ధ్రువపత్రం, అందులో ఫైలు హాష్ విలువ (ఫైలు మారలేదని చూపే, దాని నుంచే లెక్కగట్టే సంకేతం) కావాలి. కెమెరా కార్డు ఖాళీ చేశాక ఆ అసలు ఫైళ్లు దొరకవు.