చెట్టు చెప్పిన తేదీ: క్వెడ్లిన్‌బుర్గ్ కలప ఇళ్ల కథ

జర్మనీలోని హార్ట్స్ పర్వతాల ఉత్తర అంచున, బోడె నది ఒడ్డున ఉన్న క్వెడ్లిన్‌బుర్గ్ అనే చిన్న పట్టణానికి ఒక పుట్టిన తేదీ లాంటిది ఉంది. రాజు మొదటి హైన్రిష్ 922లో జారీ చేసిన ఒక శాసనపత్రంలో ఆ పేరు తొలిసారి కనిపిస్తుంది. ఆయన 936లో మరణించినప్పుడు ఇక్కడి కొండ మీదే ఖననం చేశారు. భార్య మటిల్డ అదే ఏడాది ఆ కొండపై ఉన్నత వంశాల స్త్రీల కోసం ఒక మఠం నెలకొల్పింది. ఆ తరువాత దాదాపు 870 ఏళ్ల పాటు, అంటే 1800ల తొలి ఏళ్లలో మఠం రద్దయ్యేదాకా, ఈ ఊరికి పాలకులు మఠాధిపతులైన స్త్రీలే. మధ్యలో వర్తకులు బలపడి స్వతంత్రించబోయారు గానీ, 1477లో మఠాధిపతి హెడ్విగ్ తన సోదరులైన సాక్సనీ ప్రభువుల సైన్యంతో వారిని అణచివేసింది. నగర స్వేచ్ఛకు గుర్తుగా నిలబెట్టిన రోలాండ్ విగ్రహాన్ని అప్పుడు పడగొట్టారు. అది మళ్లీ నిలబడింది 1869లో.

ఇదంతా కాగితం చెప్పే చరిత్ర. రాజులకు, మఠానికి పత్రాలున్నాయి. చర్మకారుడి ఇంటికీ నేతగాడి ఇంటికీ కట్టిన నాటి పత్రం సాధారణంగా ఉండదు. ఈ పట్టణంలో ఉన్న రెండు వేల పైచిలుకు కలప చట్రపు ఇళ్లలో, కొన్నింటి దూలాల మీద వడ్రంగి చెక్కిన సంవత్సరం కనిపిస్తుంది. మిగిలినవాటి వయసు చెప్పవలసింది వాటి కలపే.

అందుకు వీలు కలిగించినది ఆనాటి వడ్రంగుల అలవాటు. ఎండిన ఓక్ కర్ర ఉలికి లొంగదు కనుక, చలికాలంలో చెట్టు నరికి, పచ్చిగా ఉండగానే చెక్కి చట్రం కట్టేవారు. కాబట్టి చెట్టు పడిన ఏడాదే దాదాపుగా ఇల్లు లేచిన ఏడాది. చెట్టు ఏటా ఒక వలయం పెంచుకుంటుంది. వానలు బాగా కురిసిన ఏడు వెడల్పుగా, ఎండిన ఏడు సన్నగా. ఒక ప్రాంతపు చెట్లన్నీ ఇంచుమించు ఒకే వరుసను దాచుకుంటాయి కనుక, పాత దూలంలోని వరుసను తేదీలు తెలిసిన వరుసలతో సరిపోల్చి, బెరడు కింది చివరి వలయం ఏ సంవత్సరానిదో చెప్పవచ్చు. బెరడు అంచు మిగలకుండా చెక్కేసిన దూలమైతే కొన్నేళ్ల అటూఇటూ తప్పదు. వోర్ట్‌గాస్సె వీధిలోని మూడో నంబరు ఇంటికి ఈ పద్ధతిలో తేలిన కాలం 1346/47. మధ్యలోని ఆ గీత సందేహానికి గుర్తు కాదు. చెట్లు నరికే చలికాలం ఒక సంవత్సరంలో మొదలై మరో సంవత్సరంలో ముగుస్తుంది, అంతే.

ఈ కట్టడాన్ని జర్మన్లు ఫాహ్‌వెర్క్ అంటారు. ఫాహ్ అంటే గడి, వెర్క్ అంటే పని. నిలువు కంభాలు, అడ్డదూలాలు కలిసి గళ్లుగా ఏర్పడతాయి. ఒక కర్ర చివరను నాలుకలా చెక్కి, రెండో కర్రలోని బెజ్జంలో దూర్చి, అడ్డంగా చెక్క మేకు దిగగొడతారు. నాలుగు మూలల గడి గాలివాటుకు పక్కకు ఒరిగిపోతుంది గనుక ఏటవాలు కర్ర ఒకటి బిగించి త్రిభుజం చేస్తారు. త్రిభుజం భుజాల పొడవు మారనిదే ఆకారం మారదు. గళ్ల మధ్య కర్రపుల్లలతో తడిక అల్లి, గడ్డి కలిపిన బంకమట్టి మెత్తుతారు. జర్మన్‌లో గోడను సూచించే వాండ్ అన్న మాట కూడా చుట్టడం, అల్లడం అనే అర్థమున్న ధాతువు నుంచే వచ్చింది. తడికకు మట్టి మెత్తిన గోడలు మన పల్లెల్లో చూసినవారికి ఇందులో వింతేమీ ఉండదు.

ఆ మట్టిని పేదవాడి సరుకుగా చూడటం పొరపాటు. బంకమట్టి తన చుట్టూ ఉన్న కలపలోని తేమను లాగి బయటికి వదులుతుంది. కలప పొడిగా ఉన్నంతకాలం బూజు దాన్ని తినలేదు. ఆధునిక కాలంలో ఇలాంటి ఇళ్లకు బాగు చేస్తున్నామనుకుని సిమెంటు పూసిన చోట్ల నీరు లోపలే చిక్కుకుని, శతాబ్దాలు నిలిచిన కంభాలు కొన్ని దశాబ్దాలకే కుళ్లిపోయాయి.

ఇన్ని ఇళ్లు ఎలా మిగిలాయి? 1618–48 మధ్య జర్మనీని కుదిపేసిన ముప్పై ఏళ్ల యుద్ధం ఊరిని బూడిద చేయలేదు. నిజానికి ఇప్పుడున్న ఇళ్లలో ఎక్కువ భాగం 17, 18 శతాబ్దాలవే. 19వ శతాబ్దంలో విత్తనాల పెంపకంతో సంపద వచ్చినా, ధనవంతులు తమ భవంతులను పాత ప్రాకారం వెలుపల కట్టుకున్నారు. రెండో ప్రపంచ యుద్ధపు బాంబులు కూడా పెద్దగా తాకలేదు. అసలు ముప్పు తరువాత వచ్చింది. తూర్పు జర్మనీ ప్రభుత్వం 1960లలో పాత ఊరిని కూల్చి కాంక్రీటు భవనాలు లేపాలని తలపెట్టింది. చేతిలో డబ్బు లేక ఆ ప్రణాళిక ఆగింది. అదే డబ్బులేమి వల్ల ఉన్న ఇళ్లకు మరమ్మతులూ జరగలేదు, ఎన్నో కూలాయి కూడా. దారిద్ర్యమే ఈ ఊరిని కాపాడిందన్న మాట నాకు సగం నిజంగానే తోస్తుంది. కప్పు కారుతున్న ఇంటిని దారిద్ర్యం కాపాడదు. పోలెండ్‌లోని టోరున్ నుంచి వచ్చిన పునరుద్ధరణ నిపుణుల వంటివారి శ్రమను ఆ లెక్కలో మరచిపోకూడదు. 1989లో ప్రభుత్వం కూలడంతో కూల్చివేతలు నిలిచాయి, 1994లో యునెస్కో ఈ పట్టణాన్ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది.

వోర్ట్‌గాస్సె ఇల్లు ఇప్పుడు కలప కట్టడాల మ్యూజియం. దాని నిలువు కంభాలు పునాది దూలం నుంచి కప్పు దాకా ఒకే చెట్టు ముక్కలు. అంతస్తుకొక చట్రం వేసి, పై అంతస్తును వీధి మీదికి కొంచెం ముందుకు జరిపే పద్ధతి తరువాతి తరాలది. పొడవైన ఓక్ చెట్లు దొరకడం కష్టమయ్యేకొద్దీ పొట్టి కర్రలతో సరిపెట్టుకోగల ఆ కొత్త పద్ధతి నిలదొక్కుకుంది. మ్యూజియంగా మారకముందు, 1965 దాకా, ఆ ఇంట్లో మామూలుగానే మనుషులు కాపురం ఉన్నారు.