డింభకుడి చేతికి మంత్రదండం ఎలా వచ్చింది?

1951 మార్చిలో విడుదలైన 'పాతాళ భైరవి'లో మంత్రాలన్నీ నేపాళ మాంత్రికుడివే. తోటరాముడికి ఉన్నదల్లా కండబలం, తెగువ, రాజకుమారి మీద ప్రేమ. మాంత్రికుడు అతణ్ణి 'డింభకా' అని పిలుస్తాడు. డింభకుడంటే పసివాడు. ఆ ఒక్క పిలుపులోనే ఎవరికి ఏం తెలుసో, ఎవరికి ఏం తెలియదో ఖరారైపోతుంది. సరదా సంగతి ఏంటంటే, మాంత్రికుడి వేషం వేసిన ఎస్.వి.రంగారావుకి అప్పటికి 32 ఏళ్లు, డింభకుడు ఎన్.టి.రామారావుకి 27. ఐదేళ్ల తేడాని ఆ గడ్డమే ఒక తరం దూరం చేసింది.

చివరికి రాముడికి దక్కిందైనా ఒక ప్రతిమే. అది చేతిలో ఉంటే మేడలు లేస్తాయి, ఎవరో కాజేస్తే అన్నీ మాయమైపోతాయి. రాముడు మంత్రం నేర్చుకోలేదు. నేర్చుకోవాలని అతనికి గానీ, చూసేవాళ్లకి గానీ అనిపించలేదు.

ఇప్పుడు ఏ పుస్తకాల షాపులోనైనా టీనేజ్ ఫాంటసీ అరల దగ్గర నిలబడి చూడండి. అట్టల మీద గడ్డాలు కనిపించవు. పదకొండేళ్ల వాడు, పన్నెండేళ్ల పిల్ల, పదహారేళ్ల అనాథ కనిపిస్తారు. శక్తి వాళ్లదే. పెద్దవాళ్లు చాలావరకు పాఠాలు చెప్పడానికో, అడ్డు పడటానికో, మధ్యలో చనిపోవడానికో ఉంటారు. ఈ తిరుగుబాటు ఇంగ్లిష్ పుస్తకాల్లో జరిగింది, అదీ ఒక్కరోజులో జరగలేదు.

ఇంగ్లండ్‌లో పిల్లల కథల్లో మాయ ఎప్పటినుంచో ఉంది, కానీ పిల్లల సొంతం కాదు. ఇ.నెస్బిట్ 1902లో రాసిన నవలలో ఐదుగురు పిల్లలకి ఇసుక గుంటలో ఒక వింత ప్రాణి దొరుకుతుంది. రోజుకో కోరిక తీరుస్తుంది, సూర్యుడు అస్తమించగానే అది చెల్లిపోతుంది. 1938లో టి.హెచ్.వైట్ రాసిన పుస్తకంలో ముసలి మాంత్రికుడు మెర్లిన్ కుర్ర ఆర్థర్‌ని చేపగా, పక్షిగా మార్చి లోకం చూపిస్తాడు. మార్చేది గురువు, మారేది శిష్యుడు. 1950 నుంచి 1956 వరకు వచ్చిన నార్నియా పుస్తకాల్లో పిల్లలు బీరువా తలుపు తీసి మాయ ఉన్న చోటికి వెళ్తారు, మాయని మాత్రం తమలో పెట్టుకుని పుట్టలేదు. టోల్కీన్ కథల్లోని మాంత్రికుడు గాండాల్ఫ్ సంగతి చెప్పనే అక్కర్లేదు. తెల్ల గడ్డం, కర్ర, టోపీ: మాంత్రికుడంటే ఆ బొమ్మే స్థిరపడిపోయింది.

ఆ బొమ్మని చూసి ఒక ప్రశ్న వేసుకున్న మనిషి ఉర్సులా లె గ్విన్. 1967లో కాలిఫోర్నియాలోని పార్నాసస్ ప్రెస్ అనే చిన్న ప్రచురణ సంస్థ ఆమెని కాస్త పెద్ద పిల్లల కోసం ఒక నవల రాయమని అడిగింది. అప్పటిదాకా ఆమె ఆ వయసు వాళ్ల కోసం రాయలేదు. రాయడానికి కూర్చుంటే వచ్చిన ఆలోచన ఇది: ఈ మాంత్రికులందరికీ గడ్డాలు నెరవక ముందు ఏం జరిగి ఉంటుంది? ఇంత ప్రమాదకరమైన విద్య వాళ్లకి ఎవరు నేర్పారు? మాంత్రికులకి బడులు ఉండేవా?

అలా 1968లో 'ఎ విజర్డ్ ఆఫ్ ఎర్త్‌సీ' వచ్చింది. కథానాయకుడు గెడ్, గాంట్ అనే దీవిలో కంచు పనివాడి కొడుకు. మేకలు కాస్తుంటాడు. పిన్ని వరసయ్యే ఒకావిడ మేకల్ని పిలిచే మంత్రం చదువుతుంటే విని, తనూ చదివేస్తాడు. మేకలన్నీ వచ్చి చుట్టూ మూగుతాయి, ఎలా పంపాలో మాత్రం తెలియదు. నవలంతా ఈ చిన్న సంఘటనలోనే ఉందని నాకనిపిస్తుంది. పిలవడం వచ్చు, పంపడం రాదు. తర్వాత రోక్ దీవిలో మంత్రవిద్యల బడిలో చేరినప్పుడు కూడా, తోటి విద్యార్థి మీద పంతంతో చచ్చిపోయిన ఒక మనిషి ఆత్మని పిలుస్తాడు. దానితో పాటు పేరు లేని ఒక నీడ లోకంలోకి జారుకుంటుంది. మిగతా కథంతా ఆ నీడ ఇతన్ని తరమడం, తర్వాత ఇతనే దాన్ని తరమడం. దానికి పెట్టాల్సిన పేరు తన పేరేనని చివరికి తెలుస్తుంది. పెద్ద యుద్ధాలు లేవు, ప్రతినాయకుడు లేడు. ఒక కుర్రాడు చేసిన తప్పు తప్ప.

గెడ్ ఒంటి రంగు ఎరుపు కలిసిన గోధుమ రంగు. ఎర్త్‌సీలో ఎక్కువమంది నలుపో చామనఛాయో, తెల్లగా ఉండేవాళ్లు దోపిడీకి వచ్చే కార్గులు. లె గ్విన్ కావాలనే అలా రాశారు. అయినా ఎన్నో ఏళ్లపాటు అట్టల మీద గెడ్‌ని తెల్లవాడిగానే వేశారు. 2004లో అమెరికా టీవీ వాళ్లు తీసిన సిరీస్‌లోనూ తెల్ల నటుడే. ఆమె బహిరంగంగానే కోప్పడ్డారు. మంత్రం డింభకుడి చేతికి వచ్చాక కూడా, ఏ రంగు డింభకుడన్న గొడవ ఇంకో నలభై ఏళ్లు నడిచిందన్నమాట.

ఇక్కడ ఒక మాట చెప్పకపోతే అన్యాయం. మంత్రం నేర్చుకోవడానికి గురువు ఇంటికి వెళ్లిన కుర్రాడి కథ మనకి కొత్త కాదు. పదకొండో శతాబ్దంలో నన్నయ తెనిగించిన ఆదిపర్వంలోనే కచుడున్నాడు. దేవతలు అతణ్ణి శత్రువుల గురువైన శుక్రాచార్యుడి దగ్గరికి మృతసంజీవని కోసం పంపుతారు. రాక్షసులు చంపుతారు, గురువు కూతురు దేవయాని ఏడిస్తే గురువు బతికిస్తాడు. చివరికి కాల్చిన బూడిదని కల్లులో కలిపి గురువుతోనే తాగిస్తారు. కడుపులో ఉన్న శిష్యుడికి మంత్రం ఉపదేశించక తప్పని పరిస్థితి. శిష్యుడు పొట్ట చీల్చుకుని వస్తాడు, అదే మంత్రంతో గురువుని బతికిస్తాడు. ఏ మంత్రాల బడిలోనూ ఇంతకన్నా కష్టమైన పరీక్ష నేను చదవలేదు. కానీ ఆ తర్వాత దేవయాని శాపం: నేర్చుకున్న విద్య నీకు పనిచెయ్యకూడదు. నేను నేర్పినవాడికి పనిచేస్తుందిలే అని కచుడు వెళ్లిపోతాడు. కర్ణుడిదీ అంతే. అసలు కులం దాచి పరశురాముడి దగ్గర నేర్చుకున్న అస్త్రం, అవసరమైన రోజున గుర్తుకు రాలేదు. మన కథల్లో కుర్రవాడికి విద్య వస్తుంది, వెనకే శాపమూ వస్తుంది. విద్య ఎవరికి చెందాలన్న తగాదా ఆ శాపంలోనే దాగి ఉంది.

మళ్లీ ఇంగ్లిష్ వైపు వెళ్దాం. లె గ్విన్ తెరిచిన తలుపులోంచి చాలామంది వచ్చారు. 1973లో సూసన్ కూపర్ నవలలో ఒక కుర్రాడికి పదకొండో పుట్టినరోజున తన శక్తి సంగతి తెలుస్తుంది. 1974లో జిల్ మర్ఫీ మంత్రగత్తెల బడిలో అన్నీ తప్పులే చేసే మిల్‌డ్రెడ్ అనే అమ్మాయిని పరిచయం చేసింది. టీనేజ్‌లో ఉండగానే మొదలుపెట్టిన పుస్తకం అది. 1977లో డయానా విన్ జోన్స్ రాసిన పిల్లాడికైతే తనకి శక్తి ఉందన్న సంగతే తెలియదు, దాన్ని అక్క వాడేసుకుంటూ ఉంటుంది. ఇంట్లో చిన్నవాళ్లుగా పెరిగినవాళ్లకి ఆ పుస్తకం బాగా అర్థమవుతుంది.

వీళ్లందరిలో నాకు బాగా నచ్చిన మలుపు మాత్రం 1997లో వచ్చింది. హ్యారీ పాటర్ వచ్చిన సంవత్సరమే, కానీ నేను చెప్పేది అతని గురించి కాదు. అమెరికన్ రచయిత్రి టమోరా పియర్స్ మొదలుపెట్టిన 'సర్కిల్ ఆఫ్ మ్యాజిక్' గురించి. 1999 వరకు నాలుగు పుస్తకాలు. నలుగురు పిల్లలు. శాండ్రీ పెద్దింటి పిల్ల, కానీ శక్తి దారంలో ఉంది. ట్రిస్ కోపం వస్తే వాన, మెరుపు వస్తాయి. డాజా ఓడ మునిగి ఇంటివాళ్లందరినీ పోగొట్టుకున్న నల్ల పిల్ల. అలా ఒక్కతే మిగిలినందుకు సొంత వర్తక జాతే దురదృష్టం అంటుతుందని వెలివేస్తుంది. ఆమె శక్తి కొలిమిలో ఉంది. బ్రయర్ వీధి దొంగ, అతని చేతిలో మొక్కలు మాట వింటాయి.

పిల్లల్లో మంత్రశక్తి ఉందో లేదో చూసే మామూలు పరీక్షకులు ఈ నలుగురినీ పట్టుకోలేకపోయారు. కారణం సింపుల్. వాళ్లు వెతికేది మంత్రాలు చదివే పండితుల శక్తిని. చేతిపనిలో ఉండే శక్తి వాళ్ల కొలమానానికి అందదు. అల్లరి మూక దాడి చేసిన రోజు శాండ్రీని ఒక చీకటి గదిలో దాచి తాళం వేస్తారు. తెలిసినవాళ్లంతా చచ్చిపోవడంతో ఆమెని తీయడానికి ఎవరూ రారు. దీపం కొండెక్కుతుంటే ఆ పిల్ల కుట్టుపని పట్టుదారాలు తీసి జడలా అల్లుతూ, వెలుగుని అందులోకి పిలుస్తుంది. మగ్గం గుంటలో కూర్చున్న మనిషిని దగ్గరగా చూసినవాళ్లకి ఆ పేజీ వేరే రకంగా తగులుతుంది. మన దగ్గర నేతని, కమ్మరాన్ని 'పని' అన్నాం, నాలుగు ముక్కలు చదవడాన్ని 'విద్య' అన్నాం. పియర్స్ ఆ గీతని చెరిపేసింది. పుస్తకాలు పెద్దగా గోల చెయ్యలేదు, ఎందుకంటే ఆ ఏడాది గోలంతా వేరే చోట ఉంది.

1997 జూన్ 26న లండన్‌లో బ్లూమ్స్‌బరీ సంస్థ హ్యారీ పాటర్ మొదటి పుస్తకం వేసింది. గట్టి అట్టతో వేసినవి 500 కాపీలే. పదేళ్ల తర్వాత, 2007 జులై 21న ఏడో పుస్తకం వచ్చినప్పుడు ఒక్క అమెరికాలోనే తొలి 24 గంటల్లో 83 లక్షల కాపీలు అమ్ముడయ్యాయి. మధ్యలో 2000లో న్యూయార్క్ టైమ్స్ పిల్లల పుస్తకాలకి వేరే బెస్ట్‌సెల్లర్ జాబితా పెట్టాల్సి వచ్చింది. పెద్దల జాబితాలో పై స్థానాలని ఈ కుర్రాడే ఆక్రమించుకుని కదలకపోవడం వల్ల.

గొడవలూ ఆ స్థాయిలోనే వచ్చాయి. 2001 డిసెంబర్‌లో న్యూ మెక్సికో రాష్ట్రంలోని అలమగోర్డోలో ఒక చర్చి వాళ్లు ఈ పుస్తకాలని మంటలో వేశారు. ఆర్కన్సా రాష్ట్రంలోని సెడర్‌విల్‌లో స్కూలు బోర్డు వీటిని అరల్లోంచి తీయించి, తల్లిదండ్రుల అనుమతి ఉంటేనే ఇవ్వాలంది. 2003లో ఫెడరల్ కోర్టు ఆ నిబంధన చెల్లదని, పుస్తకాలు మళ్లీ అరల్లో పెట్టమని తీర్పిచ్చింది. అమెరికన్ లైబ్రరీ అసోసియేషన్ లెక్కల్లో 2000 నుంచి 2009 వరకు ఎక్కువ అభ్యంతరాలు వచ్చిన పుస్తకాల్లో మొదటి స్థానం ఈ వరసదే. గాండాల్ఫ్ మీద ఇంత కోపం ఎవరికీ రాలేదు. ముసలాయన మంత్రం వేస్తే అది కథ. నాలుగో క్లాసు పిల్లాడు వేస్తే, మనింట్లో పిల్లాడు కూడా వేస్తాడేమోనని టెన్షన్.

పాటర్ తర్వాత వచ్చినవాళ్లు ఆ శక్తి ఎవరికి ఉండాలన్న ప్రశ్న దగ్గర ఆగారు. రిక్ రియోర్డన్ పెర్సీ జాక్సన్ కథని డిస్లెక్సియా (చదవడంలో ఇబ్బంది), ఏడీహెచ్‌డీ (ధ్యాస నిలవకపోవడం) ఉన్న తన కొడుక్కి నిద్రపోయే ముందు చెప్పేవాడు. 2005లో పుస్తకమైంది. అందులో అక్షరాలు తారుమారుగా కనిపించడానికి కారణం ఆ పిల్లల మెదడు ప్రాచీన గ్రీకుకి అలవాటుపడి ఉండటం. 2011లో నెడి ఒకొరాఫోర్ నైజీరియా నేపథ్యంలో సన్నీ అనే అమ్మాయి కథ రాసింది. సన్నీ ఆల్బినిజంతో, అంటే ఒంటికి, జుట్టుకి రంగు లేకుండా పుట్టింది, ఎండలో నిలబడలేదు, బడిలో ఎగతాళి. ఆ తేడాయే ఆమె శక్తికి గుర్తు. ఆ లోకంలో డబ్బు కొత్త విషయం నేర్చుకున్నప్పుడల్లా ఆకాశం నుంచి రాలుతుంది. ట్యూషన్ ఫీజులు కట్టే తల్లిదండ్రులు చదివితే ఏమంటారో గానీ. 2018లో రోషనీ చోక్షి రాసిన 'ఆరు షా' అనే అమ్మాయి కథలో పాండవుల ఆత్మలు ఈ కాలపు అమ్మాయిలుగా పుడతాయి. అట్లాంటాలో బడికి వెళ్లే ఆరు, ఇంద్రుడి అంశ. ఇన్ని చేసినా, ఆ శక్తి చాలావరకు పుట్టుకతో వచ్చేదే. కర్ణుడి తగాదా తీరలేదు.

మరి తెలుగులో? 1947 జులైలో 'చందమామ' మొదలైంది. దాన్ని స్థాపించిన నాగిరెడ్డి, చక్రపాణులే 'పాతాళ భైరవి' నిర్మాతలు కూడా. 1952లో చేరిన దాసరి సుబ్రహ్మణ్యం 1954లో 'తోకచుక్క' సీరియల్‌తో మొదలుపెట్టి డజను దాకా రాశారు. 'ముగ్గురు మాంత్రికులు', 'భల్లూక మాంత్రికుడు' అనే పేర్లు చూస్తేనే తెలుస్తుంది మంత్రం ఎవరిదో. కుర్రవాళ్లది కత్తి, తెలివి, స్నేహం. పత్రికని నడిపించిన కొడవటిగంటి కుటుంబరావు హేతువాది. మంత్రాన్ని మనిషి తెగువ ఓడించాలన్న పట్టుదల అక్కడి నుంచి కూడా వచ్చి ఉంటుందని నా ఊహ. ఆ సీరియళ్లకి చిత్రా వేసిన బొమ్మలు చూసి రాత్రి బయటికి వెళ్లడానికి భయపడ్డవాళ్లలో నేనూ ఉన్నాను.

తర్వాత యండమూరి 'తులసిదళం' వచ్చేసరికి పాప మీదే క్షుద్రప్రయోగం. మంత్రానికి పిల్ల యజమాని కాలేదు, బలి అయ్యే ప్రమాదంలో పడింది. బయట లోకంలో బాణామతి, చేతబడి అనే అనుమానంతో మనుషుల్ని కొట్టి చంపిన ఊళ్లు ఉన్నాయి. అలాంటి చోట మంత్రం తెలిసిన పిల్లని ముద్దుగా రాయడం అంత తేలిక కాదు.

హ్యారీ మొదటి పుస్తకం తెలుగులోకి 'పరుసవేది' పేరుతో వచ్చింది. ఆ పేరు అచ్చంగా మనదే, ఇనుముని బంగారం చేసేది. చిక్కంతా హ్యారీని, అతని స్నేహితురాలిని ఏమని పిలవాలన్న దగ్గరే. మాంత్రికుడంటే శ్మశానం, కపాలం, మాయల ఫకీరు గుర్తొస్తారు. ఇంద్రజాలికుడంటే టోపీలోంచి పావురం తీసేవాడు. ఇక పుస్తకాలంటే ప్రాణం పెట్టే, పళ్ల డాక్టర్ల కూతురు హెర్మయనీకి మన భాషలో దొరికే మాట మంత్రగత్తె. ఆ మాట అని ఒక ముసలమ్మని ఊళ్లో కట్టేసి కొట్టారన్న వార్త జిల్లా పేజీలో ఇప్పటికీ వస్తుంటుంది.