చర్మంతో ఊపిరి పీల్చే పసుపు సాలమాండర్

గ్వాటెమాలా పశ్చిమ భాగంలోని కుచుమతానెస్ పర్వతాల్లో, 1975లో, జెరెమీ జాక్సన్, పాల్ ఇలియస్ అనే ఇద్దరు అమెరికన్ యువకులకు బంగారు పసుపు ఛాయ గల ఒక సాలమాండర్ కనిపించింది. బల్లిని పోలి ఉన్నా పొలుసులు లేని ఈ తోక జీవి కప్పలకు చుట్టం. 1984లో ఇలియస్ దీనికి బొలిటోగ్లోసా జాక్సోనీ అని పేరు పెట్టాడు. మొదటిసారి కనిపించాక 42 ఏళ్లపాటు అది మళ్లీ ఎవరి కంటా పడలేదు.

దీనికి ఊపిరితిత్తులు లేవు. తడిసిన చర్మం గుండా, నోటి లోపలి పొర గుండా ఆక్సిజన్ నేరుగా రక్తంలో కలుస్తుంది. చర్మం ఆరిపోతే ఊపిరి ఆడదు కాబట్టి, మబ్బులు కొమ్మలను రాసుకుంటూ పోయే చల్లని అడవే దీనికి తగిన చోటు. మన దేశంలో డార్జిలింగ్, సిక్కిం వంటి కొండ ప్రాంతాల్లో ఉండే సాలమాండర్‌కు ఊపిరితిత్తులున్నాయి, అది గుడ్లు పెట్టడానికి చెరువులకు దిగుతుంది. బొలిటోగ్లోసా జాతులకు చెరువుతో పనే లేదు: నేల మీది తేమలో పెట్టిన గుడ్ల నుంచి తోకకప్ప దశ లేకుండా, పెద్దవాటి రూపంలోనే బుల్లి పిల్లలు బయటికొస్తాయి.

నాకు అన్నిటికన్నా అబ్బురమనిపించేది వీటి నాలుక. డోఫ్లైనీ అనే దగ్గరి జాతిని పరిశీలించి 2007లో ప్రకటించిన లెక్క ప్రకారం, నాలుక విసిరే క్షణంలో వెలువడే శక్తి కిలో కండరానికి 18,000 వాట్లు. ఏ కండరమూ సొంతంగా అంత శక్తిని ఇవ్వలేదు. ముందుగానే బిగించి సాగదీసిన కణజాలం ఒక్కసారిగా వదులు కావడం వల్లనే ఆ వేగం సాధ్యమవుతోంది.

కాఫీ తోటగా మారబోతున్న ఆ కొండ అడవిలో కొంత భాగాన్ని 2015లో పరిరక్షణ సంస్థలు కలిసి కొని అభయారణ్యంగా మార్చాయి. 2017 అక్టోబరులో అక్కడ గస్తీ తిరిగే ఒక కాపలాదారుకే ఈ జాతి పిల్ల ఒకటి దొరికింది. జీవశాస్త్రవేత్తలు ఏళ్ల తరబడి గాలించినా దొరకనిది, రోజూ ఆ అడవిలో నడిచే మనిషి కంటపడటం న్యాయంగానే ఉంది.

అయితే నరికివేత ఒక్కటే ప్రమాదం కాదు. పశ్చిమ గ్వాటెమాలా కొండల్లో 1970లలో విరివిగా దొరికిన కొన్ని సాలమాండర్లు దాదాపు మాయమయ్యాయని 2009లో వెలువడిన అధ్యయనం చూపింది. మ్యూజియాల్లో భద్రపరిచిన పాత నమూనాలను పరీక్షించినప్పుడు, అవి తగ్గిపోయిన కాలంలోనే కైట్రిడ్ శిలీంధ్రం కూడా ఆ ప్రాంతానికి చేరినట్లు 2011లో తేలింది. అది దాడి చేసేది చర్మం మీద, అంటే ఈ జీవికి ఊపిరి అందించే అవయవం మీదే.